పద్దెనిమిదీ ముప్పావు

పొద్దున్నే పని సంచీ సర్దుకోవాల్సిన వడ్రంగి లెక్కల పుస్తకం ముందేసుకుని కూర్చున్నాడు. నలభై ఏళ్లుగా టేపుతో కొలిచి చేత్తో కోసిన మనిషి. వర్క్‌షాపుకి కొత్తగా వచ్చిన కోత మిషనుకేమో కొలత దశాంశాల్లో కొట్టాలి. ఇన్నాళ్లూ పక్కవాడు కొట్టిపెట్టేవాడు. నిన్న వాడు రాలేదు. పద్దెనిమిదీ ముప్పావు అంగుళాలు కోయాలి, ముప్పావంటే మూడు బై నాలుగే కదా అని 18.34 కొట్టేశాడు. పన్నెండు చెక్కలు పొట్టివైపోయాయి. పొడుగైతే చిత్రిక పట్టొచ్చు, పొట్టిదాన్ని ఏ దేవుడు సాగదీస్తాడు? ఇవాళ ఒక్క చెక్క పాడైనా ఇక పనిలోకి రానక్కర్లేదని యజమాని తేల్చి చెప్పాడు.

బడిలో లెక్కలు చెప్పే కూతురు గంట నుంచి మొత్తుకుంటోంది.

“కింద వంద రావాలి నాన్నా. ఎన్నిసార్లు చెప్పాలి? మా ఐదో తరగతి పిల్లలు చిటికెలో చేస్తారు.”

ఆయన తల దించుకున్నాడు. “నా టేపులో వందలెక్కడున్నాయే? ముప్పావంటే ఎనిమిదో వంతులు ఆరు, పదహారో వంతులు పన్నెండు. అంతకుమించి నా బుర్రకెక్కదు.”

ఆమె చేతిలో పెన్ను ఆగిపోయింది.

“ఈ లెక్కా అదే నాన్నా. కింద నాలుగుని ఎనిమిది చేస్తే పైన మూడు ఆరయిందిగా? అలాగే వంద చెయ్యి. ఎన్ని నాలుగులు వంద?”

“పాతిక. అయితే పైన... మూడు పాతికలు, డెబ్బై ఐదు.”

“అంతే. పద్దెనిమిది పాయింట్ ఏడు ఐదు.”

ఆయనకి సంతోషం కలగలేదు. నిన్నటి పన్నెండు చెక్కలే కళ్ల ముందు మెదిలాయి. “మరి మూడో వంతు? ఇవాళ్టి చెక్కలు తొమ్మిదీ మూడో వంతు అంగుళాలు.”

“అది కుదరదు నాన్నా. పదైనా, వందైనా, వెయ్యైనా మూడుతో తెగదు. పాయింట్ మూడు మూడు మూడు అంటూ దగ్గరదాకా వెళ్తాం, అంతే.”

“నీకూ రాదా?”

“నాకే కాదు, ఎవరి వల్లా కాదు.”

“నా ఒక్కడి వల్లే కాదనుకున్నానమ్మా,” అన్నాడు మెల్లగా.

గంట నుంచి తనన్న మాటలన్నీ గుర్తొచ్చి ఆమెకి ఏడుపు ఆగలేదు. పెద్దాయన కంగారుపడి తల నిమిరాడు.

“ఊరుకో. దగ్గరదే రాసివ్వు. కాస్త పొడుగు వైపే రాయి, మిగిలింది చిత్రిక పడతాను.”

ఆమె కళ్లు తుడుచుకుని 9.34 అని రాసింది. నిన్న కొంప ముంచిన ఆ రెండంకెల్నీ ఆయన వేలితో ఒకసారి తడిమాడు. అయినా ఏమీ అడగకుండా కాగితం మడిచి, టేపు ఉన్న జేబులోనే పెట్టుకున్నాడు.