పాము ఆటలో ఓడినవాడు

పూతలపట్టు క్రాసులో నాది సెల్ రిపేరు అంగడి. ఈ మధ్య కాలేజీ పిల్లలు వచ్చి చచ్చిపోయిన కీప్యాడ్ ఫోన్లు అడుగుతున్నారు. "అంకుల్, పాము గేమ్ ఉండాదా? మా చైల్డ్‌హుడ్ మెమరీ!" అంటారు. ఆ ఫోన్లు ఏలిన కాలంలో వీళ్లు ఉయ్యాల్లో ఉన్నారు. ఫోను చెవికి పెట్టుకుని రీల్ తీసుకుంటారు. ఆట మాత్రం ఒక్కడూ ఆడడు.

ఆ మధ్యాహ్నం వాన మొదలైంది. గొడుగు మడుస్తూ ఒకామె లోపలికి వచ్చి, కౌంటరు మీద పాత ఫోనొకటి పెట్టింది.

"బ్యాటరీ ఉబ్బింది, మార్చు. లోపలుండేది మాత్రం చెరపొద్దు."

తలెత్తి చూశాను. కోమలి! కాణిపాకం గుడి ముందర గరిక మాలలు అమ్మే ఆదిమూలం కూతురు. పద్దెనిమిదేండ్లయినా చూపు అదే, స్క్రూడ్రైవర్‌లాగా నేరుగా లోపలికి దిగుతుంది.

"నువ్వా!"

"పర్లేదే, గుర్తుండాను."

ఈ ఫోనుతోనే మా కథ మొదలైంది, దీనితోనే చెడింది. అప్పట్లో రీఛార్జికని వచ్చి, నా అంగట్లో నిలబడి పాము ఆట ఆడేది. పందెం కూడా ఆమే పెట్టింది. నేను ఆమె స్కోరు దాటితే మా పెండ్లి మాట ఆమే వాళ్ల నాయనతో చెబుతుంది. దాటలేకపోతే నేనే పోయి అడగాలి. గడువు వినాయక చవితి.

ఓడిపోయాను. ఆదిమూలం మీసం గుర్తొచ్చింది. ఏడో తరగతిలో బడి మానినవాడికి పిల్లనిస్తాడా? చవితి ముందురోజు రీఛార్జికని ఆమె ఫోను నా చేతికిస్తే ఫ్లాష్ కొట్టేశాను. స్కోరు, పేర్లు, అన్నీ తుడిచిపెట్టుకుపోయాయి. "సాఫ్ట్‌వేర్ పోయింది, పందెం చెల్లదు" అన్నాను. ఆమె ఫోను తీసుకుని వెళ్లిపోయింది.

ఇప్పుడు కౌంటరు మీద మోచేతులు ఆనించి అడిగింది.

"శేఖరా, నిజం చెప్పు. ఆ పొద్దు సాఫ్ట్‌వేర్ దానంతటదే పోయిందా?"

"మదర్‌బోర్డు పోయింది" అని రోజుకు పదిమందికి అబద్ధం చెప్పే నోరు నాది. ఈసారి తిరగలేదు.

"లేదు. నేనే చెరిపినా. మీ నాయనంటే భయమేసింది."

"తెలుసు."

"తెలిసీ ఊరుకున్నావా?"

"వచ్చి ఒప్పుకుంటావని సూసినా. సంబంధాలొస్తే వంకలు పెట్టి పంపించినా. నీకూ పెండ్లి కాలేదని మొన్న మీ వరదమ్మత్త చెప్పింది. ముందు బ్యాటరీ వెయ్యి."

వేశాను. పచ్చటి వెలుగొచ్చింది. కీప్యాడ్ మీద రెండు, నాలుగు, ఆరు, ఎనిమిది అరిగి నున్నగా అయిపోయాయి. పామును తిప్పే మీటలు అవే. టాప్ స్కోరు తెరిచాను. పాత స్కోరు కంటే నలభై ఎక్కువ.

"మళ్లీ మొదట్నుంచి ఆడినా. ఓడిపోయినావు. నాయన బయట ఆటోలో ఉండాడు. పో, అడుగు."

వానలో తడుస్తూ వెళ్లాను. ఆదిమూలం మీసం తెల్లబడింది. నా భయం మాత్రం అలాగే ఉంది.

"పెద్దాయనా, కోమలిని నాకిస్తారా?"

ఆయన నన్ను కిందికీ పైకీ చూశాడు.

"ఒక ఫోను బాగుచేసేదానికి పద్దెనిమిదేండ్లా అప్పా?" అంటూ సీట్లో పక్కకు జరిగాడు. "ఎక్కు, తడస్తా ఉండావు. ఈసారి వారంటీ రాసియ్యాల."