ఏడుపు సీను

పొద్దున్నే తాయారు టీ గ్లాసు కూతురి పక్కన పెట్టి, మాటా పలుకూ లేకుండా వంటింట్లోకి వెళ్లిపోయింది. భర్త తిరుమలరావు పోయిన దగ్గర్నుంచీ ఆ ఇంట్లో ఇదే వరస. హిమబిందు టీ తాగేసింది. అందులో పంచదార ఉందో లేదో కూడా తెలియలేదు. తండ్రి పోయాక ఆమెకి ఏదీ తెలియడం లేదు.

హిమబిందు కథ తనే రాసుకుని, తనే నిర్మాతై సినిమా తీస్తోంది. పేరున్న నటుల్ని పెట్టుకునే తాహతు ఆమెకెక్కడిది? కంచరపాలెంలో సొంతిల్లే సెట్టు, అమ్మానాన్నలే నటులు. పోర్టులో క్రేను నడిపి రిటైరైన తిరుమలరావు మహా హుషారుగా ఒప్పుకున్నాడు. కథలో తండ్రి చనిపోతాడు. ఆయన్ని హాల్లో చాప మీద పడుకోబెట్టి దండ వేశారు. తాయారు ఆయన మీద పడి ఏడ్చింది. గ్లిజరిన్ అవసరమే రాలేదు. శవంగా చేసినవాళ్లకి కీడు తగలకుండా చివర్లో నవ్వించి ఒక షాటు తీయడం సినిమావాళ్ల ఆచారం. పొద్దుపోతోంది, మనకెందుకులే ఈ చాదస్తాలని హిమబిందు పేకప్ చెప్పేసింది. కొన్ని నెలలకే ఆయన నిద్రలో పోయాడు. అదే హాల్లో పడుకోబెట్టారు.

పక్కింటి చిలకమ్మ ఊరుకుంటుందా? బతికున్న మనిషికి దండేస్తే ఇంకేం మిగుల్తుందని వీధంతా చాటింది. అమ్మ మాట్లాడకపోవడానికీ అదే కారణమని హిమబిందు అనుకుంది.

ఇంతలో ఎడిటర్ మణికంఠ ఫోన్ చేశాడు. ఆ సీను ఉంచాలో తీసెయ్యాలో ఇవాళ తేల్చెయ్యమన్నాడు. అది తీసేస్తే సినిమాకి ప్రాణమే ఉండదనీ అన్నాడు. ఆమె లేచి వంటింట్లోకి వెళ్లింది. తాయారు కత్తిపీట ముందు కూర్చుని బీరకాయలు తరుగుతోంది.

"అమ్మా, నాన్న పోయే సీను తీసెత్తన్నాను."

తాయారు చెయ్యి ఆగింది. "ఏటికి?"

"నా మీద కోపం కదేటి నీకు? నాన్నని అలా పడుకోబెట్టీసి, నవ్వించకుండా లేపీసేను. నా మూలానే పోయారనుకుంటన్నావ్. ఆ మాటేదో అనీమ్మా."

తాయారు తరిగిన ముక్కల్ని గిన్నెలోకి తోసింది.

"నీ మీద కాదే. ఆయన పోయిన్నాడు నాకు ఏడుపు రానేదు. ఎత్తుకెళ్తంటే కూడా రానేదు. అందరూ నా మొకమే సూసేరు. నీ సినిమాలో ఏడిసేను కదా, అప్పుడు నిజంగా ఈయన పోతే నానేటైపోతానో అనుకుని ఏడిసేను. ఉన్నదంతా అక్కడే అయిపోనాది. నీకు మొకం సూపించలేకే మాటాడ్డం మానీసేను."

హిమబిందు అక్కడే నేల మీద కూలబడింది. తనకీ ఏడుపు రాలేదని చెప్పింది. తండ్రి నిజంగా పోయిన రోజు ఆయన మొహం చూస్తూ, కెమెరా ఎక్కడ పెడితే బాగుంటుందా అని లెక్కలు వేసుకుంది. ఎవరికీ చెప్పుకోలేక చచ్చిపోతున్న ఆ సిగ్గు కూడా చెప్పేసింది. తాయారు తిట్టలేదు. కత్తిపీట పక్కకు జరిపి కూతుర్ని దగ్గరకు లాక్కుంది.

"ఆ సీను తీసెయ్యకే బిందూ. ఆయన కోసం నానేడిసిన ఏడుపు అదొక్కటే. అదీ తీసెత్తే, ఆయన్ని ఉత్తినే పంపేసినట్టే."

హిమబిందుకి ఏడుపు తన్నుకొచ్చింది. తల్లి ఒళ్లో తల పెట్టుకుని వెక్కివెక్కి ఏడ్చింది. తాయారు కళ్లు ఇంకా పొడిగానే ఉన్నాయి. కూతురి తల నిమురుతూ, ఇద్దరి వంతు ఏడుపూ ఇదే ఏడవనీ అనుకుని అలాగే కూర్చుంది.