వంతెన మీద ఆగిపోయినవాడు

వంతెన సగం దాటాక అచ్యుత్ చచ్చిపోయాడు.

తూటా తగిలి కాదు, బాంబు పేలి కాదు. నిలబడి చచ్చిపోయాడు. చేతిలో తుపాకీ ఉంది. ఎదురుగా శత్రువు ఉన్నాడు. వెనకాల తనను నమ్ముకుని పార్ట్‌నర్ పరుగెత్తుకొస్తోంది. సరిగ్గా అప్పుడు తెర మీంచి ఆట మాయమై, దాని స్థానంలో ఆకుపచ్చ పెట్టె ఒకటి వెలిసింది. 'మీ కంప్యూటర్ క్షేమంగా ఉంది' అని తీరిగ్గా చెప్పింది యాంటీవైరస్.

దాన్ని మూసి మళ్ళీ ఆటలోకి వెళ్ళేసరికి పార్ట్‌నర్ కూడా పోయింది. కోట మీద అవతలి జట్టు జెండా ఎగురుతోంది.

లీడ్స్‌లోని కమ్యూనిటీ హాలు ఈలలతో దద్దరిల్లింది. దసరా సంబరాలకు తెలుగు సంఘం పెట్టిన గేమింగ్ పోటీ అది. వరుసగా మూడు శనివారాలు. మొదటి వారం ఓడినా రెండో వారం ఇంకో అవకాశం ఉంటుంది. ఎవరి లాప్‌టాప్ వాళ్ళే తెచ్చుకోవాలి. జంటలను మాత్రం చీటీలు తీసి కలుపుతారు. చీటీ పుణ్యమా అని అచ్యుత్‌కు దక్కిన పార్ట్‌నర్ పక్క కుర్చీలోంచి లేచింది. హెడ్‌ఫోన్స్ తీసి మెడలో వేసుకుంది.

"ఏంటది? మధ్యలో చాయ్ తాగొచ్చావా?"

"నేను కాదండీ, లాప్‌టాప్..."

"నేనొక్కదాన్నే ఇద్దరిని ఆపుతున్నా. నువ్వేమో బ్రిడ్జి మీద పెళ్ళి ఫోటోకి నిలబడ్డట్టు నిలబడ్డావు!"

ఆమె పేరు మనోజ్ఞ. చిన్నప్పుడే హైదరాబాద్ నుంచి ఈ దేశానికి వచ్చి బేసింగ్‌స్టోక్‌లో పెరిగింది. అమ్మానాన్నలు ఇప్పటికీ అక్కడే. ఇక్కడ ఒక కంపెనీలో కంప్యూటర్ సెక్యూరిటీ చూస్తుంది. కరీంనగర్ నుంచి మాస్టర్స్‌కు వచ్చి ఇన్సూరెన్స్ ఆఫీసులో స్థిరపడ్డ అచ్యుత్‌కు ఇవన్నీ తర్వాత తెలిశాయి. ఆ క్షణాన అతను గమనించింది ఒక్కటే, కోపం వస్తే ఆ కళ్ళు రెండింతలవుతాయని. ఓడిపోయినవాడు గమనించాల్సిన విషయం కాదది.

"ఈ యాంటీవైరస్‌ను ఇప్పుడే పీకి పారేస్తా" అన్నాడు పౌరుషంగా.

"సీటు బెల్టు గుచ్చుకుంటోందని కత్తెరతో కోసేస్తావా?" ఆమె లాప్‌టాప్‌ను తన వైపు లాక్కుంది. "ఇటివ్వు."

ఇంతలో శశాంక్ వచ్చాడు. నిరుడు కప్పు గెలిచినవాడు. ఆ సంగతి అడక్కపోయినా చెప్పేవాడు.

"మనోజ్ఞా, ఆ మ్యూజియం పీస్‌తో ఏం గెలుస్తావ్? మెషీన్ మొరాయిస్తే ఫైనల్‌కి పార్ట్‌నర్‌ని మార్చుకోవచ్చు, రూల్స్‌లో ఉంది. నా పక్కకొచ్చేయ్."

అచ్యుత్ గుండె లాప్‌టాప్ కంటే ముందే ఆగినంత పనైంది. మనోజ్ఞ తల కూడా ఎత్తలేదు.

"వచ్చే వారం ఇది ఆగదు. సెట్టింగ్స్ నావి, గ్యారంటీ నాది."

హాల్లో అందరూ విన్నారు. పోటీ నడిపిస్తున్న పుష్పలీల ఆంటీ అయితే మైకులో కూడా చెప్పింది.

మనోజ్ఞ వేళ్ళు చకచకా కదిలాయి. "గేమ్ మోడ్ ఆన్ చేశా. ఆడినంతసేపు నోటిఫికేషన్ ఒక్కటీ రాదు. ఆట ఫోల్డర్‌ను స్కాన్ నుంచి తప్పించా. అదొక్కటే, విన్నావా? మొత్తం డ్రైవ్‌ను తప్పించావంటే ఇంటి తలుపులన్నీ బార్లా తీసి పడుకున్నట్టే."

"తలుపులేసుకునే పడుకుంటానండీ."

"జోకులాపు. ఇంక ఫుల్ స్కాన్. దాన్ని గేమ్ మోడ్ ఆపలేదు. అది మొదలైతే నీ ముసలి లాప్‌టాప్ మూలగడం ఖాయం. అందుకని వారానికి ఒక్కసారే పెట్టా, శనివారం ఆట అయిపోయాక, ఆదివారం తెల్లారకముందు రెండు గంటలకి. అప్పుడు ఎవరూ ఆడరు."

"నేను ఆడతానేమో?"

"పడుకో."

ఆ వారమంతా లీడ్స్‌లో వాన. ఆఫీసు నుంచి రాగానే అచ్యుత్ ఒక గంటసేపు చెల్లెలితో వీడియో కాల్ మాట్లాడి, తర్వాత హెడ్‌ఫోన్స్ పెట్టుకునేవాడు. అవతల తన ఫ్లాట్‌లోంచి మనోజ్ఞ.

"కుడి వైపు!"

"మీ కుడా, నా కుడా?"

"మనిద్దరం ఒకే వైపు చూస్తున్నాం కదా, బాబూ!"

"నేను చూడట్లేదండీ. మ్యాప్‌లో మీ బాణం గుర్తు నావైపు తిరిగింది. దాన్ని చూస్తున్నా."

"నిన్ను వెనక నుంచి కాల్చారు. చూడు" అంది. గొంతులో నవ్వు దాచడం ఆమెకు చేతకాలేదు.

లాప్‌టాప్ ఒక్కసారి కూడా ఆగలేదు.

రెండో శనివారం ఇద్దరూ చెలరేగిపోయారు. చివరి రౌండు. అదే వంతెన. అచ్యుత్ ముందు పరుగెత్తుతున్నాడు. ఉన్నట్టుండి లాప్‌టాప్ ఫ్యాను ఈల వేసింది. తెర కుంటింది, మళ్ళీ కుంటింది, బిగుసుకుపోయింది.

అదే వంతెన. మళ్ళీ విగ్రహంలా అచ్యుత్.

ఈసారి మనోజ్ఞ పక్కకు చూడలేదు, తిట్టలేదు. విగ్రహాన్ని అడ్డం పెట్టుకుని ఇద్దరినీ పడగొట్టి ఒంటరిగా జెండా ఎగరేసింది. ఫైనల్ చేరారు. హాలు లేచి నిలబడింది. ఆమె మాత్రం తన లాప్‌టాప్ బ్యాగులో పెట్టుకుని కార్ పార్క్ వైపు నడిచింది. అచ్యుత్ వానలో వెంటపడ్డాడు.

"వారమంతా ఆగలేదు. ఇవాళే ఎందుకాగింది?" ఆమె వెనక్కి తిరిగింది. "ఏం డౌన్‌లోడ్ చేశావ్? ఏ సెట్టింగ్ కెలికావ్?"

"ఏదీ ముట్టుకోలేదు. మీరు పెట్టినవి పెట్టినట్టే ఉన్నాయి."

"అంటే తప్పు నాదా?"

"నేనట్ల అనలేదు."

"అనకుండా అన్నావ్. అందరి ముందు గ్యారంటీ ఇచ్చాను, అచ్యుత్. అది నా పని. అందులో నేను తప్పు చేయను."

శశాంక్ కారు వచ్చి పక్కన ఆగింది. అద్దం దిగింది. "లిఫ్ట్ కావాలా, పార్ట్‌నర్?"

మనోజ్ఞ ఎక్కింది. కారు ఎర్ర లైట్లు వానలో కరిగిపోయేదాకా అచ్యుత్ అక్కడే ఉన్నాడు. ఫైనల్లో ఎవరి పక్కన ఆడేదీ ఆమె ఆదివారం సాయంత్రానికల్లా పుష్పలీల ఆంటీకి చెప్పాలి. కప్పు పోతే పోయింది, ఆ పక్క కుర్చీ పోతే ఎలా?

ఇంటికెళ్ళి దిగులుపడే రకం కాదతను. మెసేజ్ పెట్టాడు. 'రేపు ఒక్క అరగంట ఇవ్వండి. లాప్‌టాప్ తెస్తా. మీరే చూడండి. నేను ఏదైనా మార్చినట్టు తేలితే కుర్చీ నేనే ఖాళీ చేస్తా.'

జవాబు వెంటనే వచ్చింది. 'స్టేషన్ పక్క కాఫీ షాప్. మధ్యాహ్నం.'

మరునాడు కాఫీ షాపులో ఆమె నమస్తే లేదు, హలో లేదు. లాప్‌టాప్ తెరిచి యాంటీవైరస్ హిస్టరీలోకి దిగింది. దొంగను పట్టుకునే పోలీసులా ఒక్కో వరుసా చదివింది. చదివేకొద్దీ ముఖం మారింది.

"ఏ సెట్టింగూ మారలేదు" అంది నెమ్మదిగా.

"చెప్పాగా."

"ఫుల్ స్కాన్ మొదలైంది. ఆదివారం, రెండు గంటలకి. నేను పెట్టినట్టే. కానీ మన ఆట ఆగింది రాత్రి తొమ్మిదిన్నరకి కదా! మరి అప్పుడు ఏం..."

ఆగిపోయింది. కిటికీ బయట పట్టపగలు. వాన వెలిసి ఎండ తొంగిచూస్తోంది. ఆమె చూపు తెర మీద కుడి మూలకు జారింది. అక్కడ సాయంత్రమైంది.

"అచ్యుత్. ఇప్పుడు టైమెంత?"

"పన్నెండు దాటింది." అతను ఫోన్ చూసి చెప్పాడు.

"మరి ఇందులో నాలుగున్నర దాటిందే?"

"ఓ, అదా? ఇండియా టైమండీ. వచ్చినకాడి నుంచి మార్చలేదు."

మనోజ్ఞ రెండు చేతులతో తల పట్టుకుంది. "అక్కడ ఆదివారం రెండు గంటలంటే ఇక్కడ శనివారం రాత్రి తొమ్మిదిన్నర. సరిగ్గా మన లాస్ట్ రౌండ్! ప్రాణం మీదికి నేనే ముహూర్తం పెట్టా." తల ఎత్తింది. "ఎందుకు మార్చలేదు?"

"మా చెల్లె కావ్యశ్రీ బ్యాంకు పరీక్షలకు చదువుతోంది. రోజూ లెక్కలు చెప్తా. అది ఎప్పుడు ఖాళీగా ఉంటదో, ఎప్పుడు పడుకుంటదో తెలియాలి కదా."

"లెక్కలు చెప్పేవాడివి, నాలుగున్నర గంటలు కూడుకోలేవా?"

"కూడుకోవచ్చు." అచ్యుత్ కాఫీ కప్పు వైపు చూస్తూ అన్నాడు. "కానీ ఆ మూలలో మా ఊళ్ళో ఎంతైందో కనబడుతుంటే, పక్క గదిలో ఉన్నట్టుంటది."

మనోజ్ఞ ఆ మూల వైపు మళ్ళీ చూసింది. అప్పుడే తెర మీద కాల్ మోగింది. వద్దనేలోపే అచ్యుత్ ఎత్తేశాడు.

"అన్నా, క్లాస్ టైమైంది..." కావ్యశ్రీ కళ్ళు పక్కకు తిరిగాయి. "ఓ! గీమెనా నిన్ను బ్రిడ్జి మీద గంతగనం తిట్టింది?"

"నేనే" అంది మనోజ్ఞ నవ్వాపుకుంటూ. "తప్పు నాదే అని ఇప్పుడే తెలిసింది."

"తిట్టు అక్కా, ఏం కాదు. రోజూ నీ ముచ్చట్లే చెప్తడు. లెక్కలు సగం, నువ్వు సగం. గిట్లయితే నేను పాసైనట్టే! నాకు ఇంగ్లిష్ అయితే అసలే రాదు, మా అన్న ఇంగ్లిష్ నాకంటే అన్యాయం."

అచ్యుత్ చెవులు ఎర్రబడ్డాయి. "ఏయ్, బుక్కు తియ్ ముందు!"

క్లాస్ అయ్యేదాకా మనోజ్ఞ కదల్లేదు. ఆ తర్వాత లాప్‌టాప్ తీసుకుని స్కాన్ సమయం మార్చింది. "బుధవారం మధ్యాహ్నం మూడింటికి, మీ ఊరి లెక్కన. ఇక్కడ నువ్వు ఆఫీసులో ఉంటావ్. దీన్ని ఇంట్లో ఆన్ చేసి వెళ్ళు."

"గడియారం సరిచేయరా?"

"అది తప్పుగా లేదు" అంది.

మూడో శనివారం ఆట మొదలవకముందే మనోజ్ఞ వెళ్ళి పుష్పలీల ఆంటీ చేతిలోంచి మైకు తీసుకుంది.

"పోయిన వారం ఈ లాప్‌టాప్ ఆగింది నా వల్ల. స్కాన్ టైమ్ పెట్టాను, గడియారం చూడలేదు. అచ్యుత్ తప్పేం లేదు. నా పార్ట్‌నర్ అచ్యుతే."

హాలంతా చప్పట్లు. శశాంక్ మాత్రం మెషీన్ తుడుచుకుంటూ, "చూద్దాం, ఇవాళ ఎక్కడాగుతుందో" అన్నాడు.

చివరి రౌండు. అదే వంతెన. అవతల శశాంక్, అతని పార్ట్‌నర్ మనీష్. అచ్యుత్ చెవులు ఆట మీద కంటే ఫ్యాను మీదే ఉన్నాయి.

"ఫ్యాను సంగతి నేను చూసుకుంటా" అంది మనోజ్ఞ తెర మీంచి కళ్ళు తిప్పకుండా. "నువ్వు పరుగెత్తు."

పరుగెత్తాడు. వంతెన సగం దాటాడు. ముప్పావు దాటాడు. మనీష్ పడ్డాడు. శశాంక్ తూటా అచ్యుత్ చెవి పక్క నుంచి పోయింది, మనోజ్ఞ తూటా శశాంక్‌ను వెతుక్కుంటూ వెళ్ళింది. ఫ్యాను గొణగలేదు. ఆకుపచ్చ పెట్టె రాలేదు. అచ్యుత్ కోటెక్కి జెండా పాతాడు.

ఇద్దరూ ఒక్కసారే కుర్చీల్లోంచి ఎగిరారు. హెడ్‌ఫోన్స్ వైర్లు పెనవేసుకుని మళ్ళీ ఒక్కసారే కూలబడ్డారు.

కప్పు, ఫోటోలు, పుష్పలీల ఆంటీ పులిహోర అన్నీ అయ్యాయి. బయట మళ్ళీ వాన మొదలైంది. ఆమె కోటు తొడుక్కుంటూ తన లాప్‌టాప్ అతని చేతికిచ్చింది. తెర ఇంకా వెలుగుతోంది. మూలలో లీడ్స్ టైమ్. దాని కిందే కొత్తగా ఇంకో గడియారం. ఇండియాది.

"మనోజ్ఞా, మీ వాళ్ళంతా బేసింగ్‌స్టోక్‌లోనే కదా? ఈ రెండో గడియారం ఎవరి కోసం?"

"కావ్యశ్రీకి ఇంగ్లిష్ ఎవరు చెప్తారు మరి? నీ వల్ల అయ్యేలా లేదు. రేపట్నుంచి నీ క్లాసయ్యాక నా క్లాసు. తనతో మాట్లాడేశా."

"ఎన్నాళ్ళు చెప్తావ్?" అన్నాడు. 'మీరు' ఎప్పుడు జారిపోయిందో అతనికే తెలియలేదు. ఆమెకు తెలిసింది. చిన్నగా నవ్వింది.

"పరీక్ష పాసయ్యేదాకా."

"పాసయ్యాక ఈ గడియారం తీసేస్తావా?"

మనోజ్ఞ కోటు గుండీలు పెట్టుకుంది. గొడుగు తెరిచింది. సగం తన మీద, సగం పక్క ఖాళీ మీద పట్టింది.

"ఎందుకు తీసేస్తాను? అది మా అత్తగారి ఊరి టైమ్ కూడా అవుతుంది కదా, నువ్వు ఊ అంటే."

అచ్యుత్ గుమ్మంలో బిగుసుకుపోయాడు. చేతిలో లాప్‌టాప్, ఎదురుగా వాన.

"మళ్ళీ ఆగిపోయావా?" అంది మనోజ్ఞ. "ఈసారి యాంటీవైరస్ మీద నెట్టకు."

"ఊ" అన్నాడు అచ్యుత్. ఒక్క అడుగులో గొడుగు కిందికి వచ్చేశాడు.