హెన్రిక్ ఎడమ చెయ్యి

"కప్పు కుడిచేత్తో పట్టుకోవాలి. ముందు షాట్‌లో కుడిచెయ్యే," అంది సృజన, యూనిట్ అంతా వింటుండగా.

హెన్రిక్ ముఖం ఎర్రబడింది. పదిహేనేళ్లుగా నటిస్తున్నవాడికి చేతులు నేర్పుతావా అన్నట్టు చూశాడు. సృజన ఫోన్‌లో ఫోటో చూపించింది. ఒక షాట్‌కీ ఇంకో షాట్‌కీ తేడా రాకుండా చూసే కంటిన్యుయిటీ ఉద్యోగం ఆమెది. ఆస్ట్రేలియాలోని గోల్డ్ కోస్ట్‌లో తీస్తున్న ఆ జర్మన్ సీరియల్లో ఎవరికి ఏ బొత్తాం ఊడిందో కూడా రాసి పెట్టుకునేది.

సాయంత్రం అతనే వచ్చి ఒప్పుకున్నాడు. తనది ఎడమచేతి వాటమట. వేషాల కోసం కుడిచెయ్యి అలవాటు చేసుకున్నాడు. ఏమరుపాటున అసలు చెయ్యి బయటపడుతుంది. ఇన్నేళ్లలో పట్టుకున్నది నువ్వొక్కదానివే అన్నాడు. ఆ పొగడ్త సృజనకి నచ్చింది, పైకి మాత్రం మొహం మామూలుగానే పెట్టింది.

ఐదు నెలల షూటింగ్‌లో లంచ్ టైమంతా అతని కథలే. పందొమ్మిదో ఏట ఒక పోలీసు సీరియల్లో శవం వేషంతో మొదలయ్యాడు. అదే సీరియల్లో రెండేళ్లకి దొంగ, ఇంకో నాలుగేళ్లకి ఇన్‌స్పెక్టర్. మధ్యలో సినిమాల్లో చర్చి ఫాదర్, రాజు, పళ్ల డాక్టరు. రోడ్డు మీద జనం ఆపి, నిన్నెక్కడో చూశాం అంటారు తప్ప పేరు చెప్పలేరు. సృజన అవన్నీ ఒక్కొక్కటే చూసింది. ప్రతిదాంట్లోనూ ఓ కొత్త మనిషే కనిపించాడు.

షూటింగ్ ముగిసినా హెన్రిక్ వెళ్లిపోలేదు. పెళ్లి చేసుకుందామా అని అడిగాడు. ముందు అమ్మానాన్నల్ని కలువు, తర్వాత చెప్తానంది సృజన.

ఆ ఆదివారం స్ప్రింగ్‌ఫీల్డ్ లేక్స్‌లోని అమ్మానాన్నల ఇంటికి వచ్చిన హెన్రిక్‌ని చూసి ఆమెకే మతిపోయింది. వంగి వాళ్ల కాళ్లకు దణ్ణం పెట్టాడు. రసం అన్నం కుడిచేత్తో చుక్క కారకుండా తిన్నాడు. మూడు వారాలు తెలుగువాళ్ల బార్బెక్యూ పార్టీలకి వెళ్లి, అక్కడి అల్లుళ్లని గమనించి మరీ వచ్చాడట. గుంటూరు వదిలి పాతికేళ్లయినా ఎడమచేత్తో అన్నం తింటే ఊరుకోని నాన్న శ్రీపతి పొంగిపోయాడు. అమ్మ వసంత అడక్కుండానే మళ్లీ నెయ్యి వేసింది. సృజన మాత్రం హెన్రిక్ కుడిచేతినే చూస్తూ కూర్చుంది.

అతను వెళ్లేటప్పుడు కారు దాకా వచ్చింది. "నాన్నకి నచ్చింది నువ్వు కాదు, నీ లేటెస్ట్ రోల్. పెళ్లయ్యాక రోజూ బ్రేక్‌ఫాస్ట్‌కి ఎవరొస్తారు?"

"ఎడమచేత్తో తింటే గెటౌట్ అంటారేమోనని భయమేసింది."

"అననీ. నాకు కావాల్సింది ఆ గెటౌట్ అనిపించుకునేవాడే. నెక్స్ట్ సండే అతను రాకపోతే నా ఆన్సర్ నో."

తర్వాతి ఆదివారం వానలో తడిసి వచ్చాడు. కంచం ముందు శ్రీపతి పక్కన కూర్చుని, గట్టిగా ఊపిరి పీల్చుకుని, ఎడమ చెయ్యి పప్పన్నంలో పెట్టాడు. వసంత చేతిలో గరిటె ఆగిపోయింది.

"అంకుల్, పోయిన సండే యాక్టింగ్," అన్నాడు వచ్చీరాని తెలుగులో. "దానికి సారీ. ఈ చేతికి సారీ లేదు. ఇది నేను. నాకు సృజన కావాలి."

 మోసపోయానన్న ఉక్రోషం శ్రీపతి మొహంలో దాగలేదు.

"పోయిన వారం వచ్చిన కుర్రాడు నాకు తెగ నచ్చాడమ్మా," అన్నాడు కూతురితో. "ఇతనెవరో నాకు తెలీదు. నీకు తెలుసా?"

"తెలుసు నాన్నా. నాకు నచ్చింది ఇతనే."

శ్రీపతి రెండు ముద్దలు తిన్నాడు. అతని కుడి మోచెయ్యి, హెన్రిక్ ఎడమ మోచెయ్యి రెండుసార్లూ ఢీకొన్నాయి. విసుగ్గా లేచి, కంచం పట్టుకుని, అటు తిరిగి వెళ్లి హెన్రిక్‌కి అవతలి పక్కన కూర్చున్నాడు.

"ఇకమీదట నీ కుర్చీ అదే. నేనిటు కూర్చుంటా. తిను, చల్లారిపోతోంది," అన్నాడు.

సృజన ఇంక ఆగలేదు. అందరి ముందే, "నా ఆన్సర్ యెస్," అంది.

హెన్రిక్ వెక్కి వెక్కి, ముక్కు చీదుకుంటూ ఏడ్చాడు. అంత వికారంగా ఏడవడం సృజన అతని ఏ సినిమాలోనూ చూడలేదు.