మొటిమల మందు

మా మందుల షాపు అంబాజీపేట నుంచి కాలవ గట్టు మీదుగా వెళ్ళే రోడ్డు మీద ఉండేది. కింద షాపు, పైన నేనూ నా భార్య పావనీ. ఇరవై రెండేళ్ళు నడిపాను. ఆ చుట్టుపక్కల ఎవరికి బీపీ, ఎవరికి షుగరు, ఎవరికి మాత్ర వేసుకుంటే గాని నిద్ర పట్టదు, అన్నీ నాకు తెలుసు. "మణిశంకర్ గారిని అడుగు" అని డాక్టరు దగ్గరికి వెళ్ళకుండా నా దగ్గరికే వచ్చేవాళ్ళు.

భాస్కరం మాస్టారి అమ్మాయి వర్షిణికి మొహం నిండా మొటిమలు. పెళ్ళి కుదిరాక రాజమండ్రిలో స్కిన్ డాక్టరుకి చూపించారు. ఆయన ఒక నెలకి క్యాప్సూల్స్ రాసి, ప్రతి నెలా వచ్చి టెస్టు చేయించుకుంటేనే మళ్ళీ రాస్తానన్నాడట. పెళ్ళి పనుల్లో అంత దూరం ఎవరు తిరుగుతారు? వర్షిణి అదే చీటీ పట్టుకుని నా దగ్గరికి వచ్చేది. నేను ఇచ్చేవాణ్ణి.

ఆ క్యాప్సూల్స్ అట్ట మీద కడుపుతో ఉన్న మనిషి బొమ్మ ఉంటుంది. దాని మీద ఎర్ర గీత కొట్టి ఉంటుంది. కడుపులో బిడ్డకి అవకరం వస్తుందని పక్కనే రాసి ఉంటుంది. నేను ఫార్మసీ చదివినవాణ్ణి. అది నాకు ఎవరూ చెప్పక్కర్లేదు.

పెళ్ళయిన రెండో నెలలో కూడా వచ్చింది. మెళ్ళో పసుపుతాడు ఇంకా కొత్తగానే ఉంది.

"ఇంకా వాడొచ్చు కదండీ, బాబాయిగారూ?" అంది మెల్లగా.

నెల తప్పిందా అమ్మా అని ఒక్క మాట అడగాలి. కౌంటరు దగ్గర నలుగురు మగాళ్ళు నిలబడి ఉన్నారు. నాకు మొహమాటం వేసింది.

"డాక్టరుగారు రాసినవే కదమ్మా," అన్నాను.

పాప ఎనిమిదో నెలలో పుట్టింది. ఆ సంగతి మాస్టారే చెప్పారు. ఒకరోజు వచ్చి కౌంటరు మీద చీటీ పెట్టారు. బాలింతకి పాలు ఆగిపోవడానికి రాసిన మాత్రలు.

"తొమ్మిది రోజులుందండి," అన్నారు. "గుండెలో లోపమన్నారు. చెవులు లేవు. రెండు వైపులా నున్నగా ఉంది. గ్రహణం నాడు బయట తిరిగిందని వాళ్ళత్తగారు అంటున్నారు. నాకేం తెలుసండీ."

ఆయన మాట్లాడినంతసేపూ నేను చీటీయే చూస్తున్నాను. చెప్పాలనుకున్నాను. మాత్రలు కవర్లో వేసి, ఎలా వేసుకోవాలో మాత్రం చెప్పాను.

ఆ తర్వాత మూడో రోజు పొద్దుట్నుంచీ వాన. మధ్యాహ్నం రెండింటికే చీకటి పడినట్టయింది. కరెంటు పోయింది. ఇన్వర్టరు కాసేపు పనిచేసి ఆగిపోయింది. రోడ్డు మీద మనిషి లేడు. షట్టరు సగం దించి కూర్చున్నాను. షాపు ముందు రేకు మీద వాన చప్పుడు. చెమ్మ పట్టిన అట్టపెట్టెల వాసన. అందులోంచి సన్నగా సాంబ్రాణి పొగ వాసన వచ్చింది. పసిపిల్లలకి నీళ్ళు పోశాక వేస్తారే, ఆ పొగ.

వెనక స్టాకు గదిలో ఎక్కిళ్ళు వినిపించాయి. చిన్న ఎక్కిళ్ళు. ఒకటి... కాసేపాగి, ఇంకొకటి...

పిల్లి అనుకున్నాను. లేచి చూడలేదు. కాసేపటికి ఏడుపు మొదలైంది. పెద్దగా కాదు. ఏడిచి ఏడిచి గొంతు పోయిన పిల్ల ఏడుపు. భయం వేసిందని చెప్పలేను. వింటూ కూర్చున్నాను, అంతే.

షట్టరు కింద నుంచి వంగి ఎవరో లోపలికొచ్చారు. వర్షిణి. గొడుగు లేదు. చీర ఒంటికి అంటుకుపోయి ఉంది. బాలింతలు చెవుల్లో పెట్టుకునే దూది ఒక చెవిలోనే ఉంది.

"పాప ఇక్కడుందా, బాబాయిగారూ?"

ఏదో వస్తువు మర్చిపోయి వెళ్ళినట్టు అడిగింది.

"ఇంట్లో రోజూ ఏడిచేది. నాకొక్కదానికే వినపడేది. నాన్న మీ దగ్గర మాత్రలు తెచ్చిన రోజు నుంచి లేదు. ఆయన వెంట వచ్చి ఇక్కడే ఉండిపోయుంటుంది. మీకు వినపడుతోందా?"

"లేదమ్మా," అన్నాను.

లోపల ఏడుపు ఠక్కున ఆగింది.

వర్షిణి స్టాకు గదిలోకి వెళ్ళింది. ఫోన్ లైటు వేసుకుని వెనకే వెళ్ళాను. గదిలో ఏమీ లేదు. వర్షిణి ఒక అట్టపెట్టె మీద కూర్చుని, ఒళ్ళో కొంగు పరిచి, చాలాసేపు ఎదురుచూసింది.

"నా దగ్గరికి రావట్లేదు," అంది.

అప్పుడు చెప్పాను. "ఆ క్యాప్సూల్స్ వల్లేనమ్మా. తెలిసుండి కూడా నిన్ను అడగలేదు."

"తెలుసండి. ఫోన్లో చూశాను. ఇంట్లో చెప్పలేదు. మింగింది నేనే కదా."

"ఇచ్చింది నేను."

వర్షిణి నా మొహం వైపు చూడలేదు. నా కాళ్ళ దగ్గర నేల వైపు చూస్తోంది. ఆ చూపు మెల్లగా లేచింది... మోకాళ్ళ దాకా... నడుం దాకా...

"మాట్లాడకండి," అంది గుసగుసగా. "మీ గొంతు వైపే తిరుగుతోంది."

ఊపిరి బిగబట్టాను. నా ఛాతీ దగ్గర, చొక్కా గుండీల మీద, ఇంకెవరిదో ఊపిరి. చిన్నది. వేగంగా...

వర్షిణి లేచి కొంగు భుజం చుట్టూ కప్పుకుంది. నాకు తగలకుండా గోడవారగా తప్పుకుని, వానలోకి వెళ్ళిపోయింది.

మర్నాడు పొద్దున్నే మాస్టారింటికి వెళ్ళి జరిగిందంతా చెప్పాను. అట్ట మీద బొమ్మ సంగతీ, కౌంటరు దగ్గర మగాళ్ళ సంగతీ. ఆయన అరుగు మీద కూర్చుని విన్నారు. "అడగాల్సిందండీ," అన్నారు. లోపలికి వెళ్ళి తలుపు వేసుకున్నారు.

షాపు మూసేశాను. లైసెన్సు తిరిగి ఇచ్చేశాను. వర్షిణి ఇప్పుడు వేళకి తింటోందనీ, నిద్రపోతోందనీ ఎవరో అంటే విన్నాను. ఏడుపు వినపడుతోందని మళ్ళీ అనలేదట.

నిన్న పావని ఉతకడానికి తీసిన నా చొక్కా పట్టుకుని వచ్చింది. ఎడమ భుజం మీద తెల్లటి మరక. ముక్కు దగ్గర పెట్టుకుని చూసింది.

"ఎవరి పిల్లనెత్తుకున్నారండీ? పాలు కక్కింది."

వారం రోజులుగా నేను ఇల్లు కదల్లేదు. మా ఇంటికి ఎవరూ రాలేదు. చొక్కా చేతిలోకి తీసుకున్నాను.

తడి ఇంకా వెచ్చగానే ఉంది.