మిక్లోష్ ఊరుకున్న చోట

శుక్రవారం పొద్దున దోహాలో, ఉమ్ ఘువైలినా పేటలోని ఫ్లాట్‌లో జలంధర్ సర్వపిండి నములుతున్నాడు. అంతకన్నా గట్టిగా మిక్లోష్‌ని నములుతున్నాడు.

మిక్లోష్ డెబ్బై దాటిన హంగేరీ సినిమా సంగీత దర్శకుడు. ఖతార్ కూలీల మీద తీసిన డాక్యుమెంటరీకి సంగీతం కట్టడానికి దోహా వచ్చాడు. జలంధర్ కూతురు ప్రమీల ఆయనకు సహాయకురాలు. బుడాపెస్ట్ వస్తే పని నేర్పుతానన్నాడు ముసలాయన. జవాబు ఇవాళే చెప్పాలి.

"హంగేరీ అంట! హంగు ఏదీ? మొన్న తెగిన చెప్పులతోని కారు దిగిండు" అన్నాడు జలంధర్. "అరవై సిన్మాలు చేసిండంటివి. అండ్ల ఒక్క పాట పాడు బిడ్డా, వింట."

"పాటలుండయి బాపూ. నేపథ్య సంగీతం."

"షుగరుకు చేసే పథ్యం చాలదా, ఇంక నేపథ్యం గూడానా?"

తన జోకుకు తనే నవ్వుకున్నాడు. క్రేన్ ఫోర్‌మన్ కదా, సైట్‌లో అందరూ నవ్వుతారు. నవ్వనివాడికి ఓవర్‌టైమ్ ఉండదు. ఇంట్లో ఆ సదుపాయం లేదు.

ప్రమీల ఓపిగ్గా చెప్పుకొచ్చింది. మిక్లోష్ పెళ్ళిళ్ళలో అకార్డియన్ వాయించి మొదలుపెట్టాడు. కమ్యూనిస్టు సర్కారు సినిమాల్లో ట్రాక్టరు కనబడ్డప్పుడల్లా బాకాలు ఊదించాడు. ఆ సర్కారు పోయాక, చవక దయ్యాల సినిమాల్లో తలుపు కిర్రుమన్నప్పుడల్లా వయొలిన్లు కోయించాడు. వయసు మీదపడ్డాక సంగీతం తగ్గిస్తూ వచ్చాడు. పేరు అప్పుడొచ్చింది.

"తగ్గిస్తే పేరొస్తదా? మా సైట్‌ల సిమెంట్ తగ్గిస్తే జైలొస్తది!"

"నువ్వు నోరు తగ్గియ్యి, నేనిస్త పైసలు" అంది పెనం దగ్గర్నుంచి భార్య గంగామణి.

"నేను పోత బాపూ" అంది ప్రమీల.

జలంధర్ ప్లేటు నెట్టేశాడు. "కంపెనీల నీకు అకౌంట్స్ డ్యూటీ మాట్లాడిపెట్టిన! వాయించనందుకు పైసలు తీస్కునేటోని ఎంబడి పోతవా? వాడు స్వరకర్త కాదు, స్వరకత్తెర! చేతగాక ఊకుండెటోడు!"

ప్రమీల కళ్ళు ఎర్రబడ్డాయి. ల్యాప్‌టాప్ తెచ్చి తండ్రి ముందు పెట్టింది. "ఒక్క సీను చూడు. చూసినంక తిట్టు."

తెర మీద, దోహాలోనే నజ్మాలో కూలీల ఇరుకు గది. అంతస్తుల మంచాల మీద మనుషులు. ఒకతను ఊళ్ళో జరుగుతున్న తల్లి దహనాన్ని ఫోన్‌లో చూస్తున్నాడు. పక్క మంచం మనిషి లేచి, అతనికి సరిగ్గా వినబడాలని ఏసీ ఆపేశాడు. ఆ గదుల్లో అది ఆనవాయితీ. మండుటెండల కాలం. చెమటలు కారుతున్నా ఎవరూ కదల్లేదు. సంగీతం లేదు. ఫోన్‌లో చితి చిటపట, ఆ కొడుకు గుటక మింగిన చప్పుడు.

జలంధర్ తెర దగ్గరికి వంగాడు.

"ఈడ... ఏడుపు సంగీతం ఉండాలె గదా" అన్నాడు చివరికి. "ఎవరు తీసేసిన్రు?"

"ఆయన వయొలిన్లు రాసిండు. నేనే వద్దన్న. తాత పోయిన్నాడు నువ్వు కూలీగున్న రూమ్‌ల గిట్లనే ఏసీ బంద్ జేసిన్రని అమ్మకు చెప్పుకుంట ఏడ్చినవు గదా. నేను పండుకున్ననని అనుకున్నవు, నిద్రపోలే బాపూ. అదే ఆయనకు చెప్పిన. రాసిందంతా కొట్టేసిండు." ప్రమీల ల్యాప్‌టాప్ మూసేసింది. "అరవై సిన్మాలు చేసినాయన నా మాట విన్నడు. నువ్వెందుకు వినవు?"

జలంధర్ లేచి వెళ్ళి గోడ మీది ఏసీ ఆపేశాడు. గది ఒక్కసారిగా నిశ్శబ్దమైంది.

"ఫోన్ చెయ్యి. వస్తున్ననని గట్టిగ చెప్పు. ముసలాయనకు మంచిగ వినబడాలె."

గంగామణి వచ్చి కొంగుతో ఆయన ముఖం తుడిచింది.

"చెమటనే" అన్నాడు.

"ఇప్పుడే గదనయ్యా బంద్ జేసింది" అందామె. ఇంకోసారి తుడిచింది.