రాతి కుంకుమ

మా ఫిలింనగర్ సందులో అందరికీ సినిమావాళ్లతో పరిచయమే. వాచ్‌మన్ వీరయ్య ఒకసారి ఓ హీరో కారుకి గేటు తీశాడు. ఆ చేతితో ఇప్పటికీ బరువులు మొయ్యడు. కింద వాటాలో ఉండే హెలెన్ కాలేజీలో బాటనీ చెబుతుంది. కరివేపాకు కొన్నా భూతద్దంతో చూసిగాని డబ్బులివ్వదు. ఇక మా అన్నయ్య కూతురు శ్రీనిధి. నా దగ్గరే ఉంటూ, ఏళ్ల తరబడి సీరియళ్లలో హీరోయిన్ వెనక నిలబడి ఏడ్చింది. ఇన్నాళ్లకి ఓ సినిమాలో ముందు నిలబడి ఏడ్చే వేషం వచ్చింది. క్లోజప్ తీసే రోజు దగ్గరపడింది.

"ఈ మొహం తప్ప నాకు వేరే ఆస్తి లేదు పుష్పత్తా" అనేది. నిజమే. నటన సంగతి నేను మాట్లాడను.

మా మెట్ల పక్కన పెద్ద బండ ఉంది. పగలగొట్టలేక బిల్డర్ మెట్లనే దాని చుట్టూ తిప్పాడు. దాని నిండా బూడిదరంగు రాతిపువ్వు, బిర్యానీలో వేసుకునేదానికి చుట్టం. ఆమధ్య ఇక్కడ షూటింగ్ చేసి, ఆఖరి రోజున ఆ బండ మీదే గుమ్మడికాయ కొట్టారు. వానలు పడ్డాక రాతిపువ్వు మీద ఎర్రటి పొడి కనబడింది. గుమ్మడికాయ కుంకుమే, ఇన్ని వానలకీ పోలేదంటే మహిమేనని సందంతా తేల్చేసింది. వీరయ్య అగరొత్తులు గుచ్చాడు. ఆ సినిమా రెండు రోజులైనా ఆడలేదని మాత్రం ఎవరికీ గుర్తులేదు.

క్లోజప్‌కి ముందురోజు సాయంత్రం శ్రీనిధి ఆ ఎరుపును వేలితో తీసి బొట్టు పెట్టుకుంది. "నువ్వూ రా అత్తా" అని నా నుదుటా పెట్టింది. చల్లగా తగిలింది. కుంకుమ అంత చల్లగా ఉండదు.

మెట్ల దగ్గర నిలబడ్డ హెలెన్ నవ్వింది. "అది కుంకుమ కాదు పుష్పవల్లిగారూ, ఫంగస్. రాతిపువ్వంటే నాచూ బూజూ, రెండు ప్రాణుల కాపురం. ఆ కాపురం మీద పడి తినే మూడోది ఇది."

"అలాంటివాళ్లు మా చుట్టాల్లోనూ ఉన్నారులే. మనుషులకి అంటుకుంటుందా?"

"అబ్బే. రాతిపువ్వు మీద తప్ప ఇంకెక్కడా బతకదు."

ఆ ధైర్యంతో మొహాలు కడుక్కున్నాం.

చీకటి పడేవేళకి వాన మొదలైంది. కరెంటు పోయింది. కిటికీలన్నీ వేసే ఉన్నాయి, అయినా ఇల్లంతా తడిసిన రాయి వాసన. బాత్రూమ్‌లోంచి కొబ్బరి కోరుతున్నట్టు చప్పుడు. గర్... గర్... కాసేపు ఆగి, మళ్లీ గర్...

"ఏం చేస్తున్నావే చీకట్లో?"

"పోవట్లేదు అత్తా..."

ఫోన్ లైటు వేశాను. శ్రీనిధి అద్దం ముందు నిలబడి, కాళ్లు రుద్దుకునే రాయితో నుదురు రుద్దుకుంటోంది. బొట్టు ఉన్నచోట ఆవగింజలంత ఎర్రటి ఉండలు. కొబ్బరినూనె రాసి తుడిచాను. వచ్చేశాయి. హమ్మయ్య అనుకున్నాను. దూది మడత మార్చేలోపు మళ్లీ ఎర్రగా... ఈసారి కనుబొమల దాకా.

"రేపు క్లోజప్ అత్తా..." గుసగుసగా అంది. ఏడుస్తోంది. కన్నీళ్లు చెంపల మీద జారడం లేదు. పడ్డచోటే ఇంకిపోతున్నాయి.

హెలెన్‌ని కేకేశాను. భూతద్దం పెట్టి చాలాసేపు చూసింది.

"మనిషి మీద బతకదన్నావుగా?" అన్నాను.

"బతకదు." మళ్లీ భూతద్దం పెట్టింది. "కింద రాతిపువ్వు ఉంటేనే..."

అప్పుడు నేనూ చూశాను. ఎర్ర ఉండల కింద, బూడిదరంగు. దోసె అంచులా పైకి లేచి ఉంది. గోటితో పట్టి లాగబోయాను.

"నొప్పి!" అంది శ్రీనిధి. "అది నా మొహమే కదా అత్తా..."

మర్నాడు షూటింగ్‌కి వెళ్లింది. మేకప్ కింద ఏమీ కనబడలేదట. షాట్ అయ్యేదాకా రెప్ప వెయ్యకుండా నిలబడిందని డైరెక్టర్ మెచ్చుకున్నాడట. ఇప్పుడు చేతినిండా వేషాలు. అన్నం మానేసింది. వాన వస్తే మాత్రం వెళ్లి ఆ బండకి ఆనుకుని కూర్చుంటుంది. పిలిస్తే పలకదు. పైనుంచి చూస్తే బండ ఎక్కడిదాకో, పిల్ల ఎక్కణ్నించో తెలియదు.

వచ్చేపోయేవాళ్లకి ఏమైందో చెప్పడానికి నేను గేటు దగ్గరే ఉంటున్నాను. ఎవరూ ఎక్కువసేపు నిలబడటం లేదు. నిన్న హెలెన్ కూడా దూరంనుంచే మాట్లాడింది, నా నుదుటి వైపే చూస్తూ.

"పుష్పవల్లిగారూ... ఆ బొట్టు మీరే పెట్టుకున్నారా?"

అవునన్నాను.

నిన్న నేను బొట్టు పెట్టుకోలేదు.